కొండే దేవుడైతే గుడి ఎక్కడ? షింటోపై పాఠకుల ప్రశ్నలు, జవాబులు

జపాన్ సంప్రదాయ మతమైన షింటో పురాణాల గురించి, అక్కడి ప్రకృతి ఆరాధన గురించి వచ్చిన ఉత్తరాల్లో ఒకే తరహావి కలిపేసి ఈసారి జవాబులిస్తున్నాం.

ప్రశ్న: షింటోలో ప్రతి చెట్టూ ప్రతి రాయీ దేవుడేనని చదివాను. నిజమేనా? అలాగైతే అడుగు ఎక్కడ పెడతారు, కట్టె ఎలా కొడతారు?

జవాబు: నిజం కాదు. పరిచయ వ్యాసాల్లో తరచూ కనిపించే మాటే గానీ, ఆచారం అలా లేదు. 18వ శతాబ్దపు పండితుడు మోటోవోరి నోరినాగా చెప్పిన కొలమానం ఇప్పటికీ పనికొస్తుంది. మామూలును మించిన శక్తి ఉండి, ఎదుటివాడికి ఒళ్లు జలదరింపజేసేది ఏదైనా కామియే, అంటే దైవమే, అన్నాడాయన. అది మంచిదే అయి ఉండాలని లేదు. చెడ్డదీ, వింతైనదీ కూడా ఆ లెక్కలోకే వస్తుంది.

కాబట్టి వెయ్యి సుగి (జపాన్ దేవదారు) చెట్లున్న అడవిలో ఒక్కదాని మొదలుకే గడ్డి తాడు చుట్టి, తెల్ల కాగితాల మెలికలు వేలాడదీసి ఉంటారు. మిగతావి కలపే. వాటిని కొట్టుకుంటారు, ఇల్లు కట్టుకుంటారు. ఆ ఒక్క చెట్టు సంగతి వేరు. దాని వయసో, ఆకారమో, అక్కడ తరతరాలుగా సాగుతున్న పూజో దాన్ని విడిగా నిలబెట్టింది. వాకాయామాలోని నాచి జలపాతం ఎత్తు 133 మీటర్లు. దాని ముందున్న హిరో గుడిలో గర్భాలయమే లేదు. తోరీ ద్వారం, నిలబడేందుకు కాస్త చోటు, ఎదురుగా పడే నీళ్లు, అంతే. ఆ నీటికే నమస్కారం. జపాన్‌లో ఉన్న జలపాతాలన్నిటికీ ఈ మర్యాద లేదు.

ఇందులో ప్రేమ కంటే భయభక్తుల పాలే ఎక్కువ. 864లో ఫూజీ పర్వతం బద్దలై లావా ఉత్తరం వైపు పారింది, ఒక పెద్ద సరస్సును చాలావరకు పూడ్చేసింది. మరుసటి ఏడాది ఆ వైపునున్న కాయ్ ప్రాంతంలో కూడా ఫూజీ కొండ దేవత అసమాకు గుడి కట్టి పూజలు జరిపించమని రాజాస్థానం ఆజ్ఞ ఇచ్చింది. కొండ అందంగా ఉందని కట్టిన గుడి కాదది, శాంతించమని వేడుకుంటూ కట్టింది.

ప్రశ్న: నారా దగ్గర మివా కొండే దేవుడట, గుడిలో విగ్రహం లేదట. ఆ కొండ ఎక్కనిస్తారా?

జవాబు: ఎక్కనిస్తారు, కానీ ట్రెక్కింగ్ అనుకుని వెళ్తే వెనక్కి పంపుతారు. ఓమివా గుడిలో ప్రార్థన మంటపం ఉంది, దాని వెనక గర్భాలయం లేదు. 467 మీటర్ల కొండే ఆ స్థానంలో ఉంది. ఎక్కే దారి ప్రధాన మంటపం దగ్గర కాకుండా పక్కనున్న సాయ్ గుడి ఆవరణలో మొదలవుతుంది. చాలామంది ఇది తెలియక అరగంట వెతుక్కుంటారు.

అక్కడ పేరు, చిరునామా, ఫోన్ నంబరు రాసి 300 యెన్లు కడితే చిన్న గంట కట్టిన తెల్లటి పట్టీ ఇస్తారు. కొండ దిగేదాకా దాన్ని మెడలో వేసుకునే ఉండాలి. బయలుదేరే ముందు కాగితపు మెలికల కర్రతో మిమ్మల్ని మీరే శుద్ధి చేసుకుంటారు. నమోదు ఉదయం 9 నుంచి మధ్యాహ్నం 12 వరకే. 3 గంటలకల్లా దిగి పట్టీ తిరిగి ఇవ్వాలి. రానుపోను దాదాపు 4 కిలోమీటర్లు, రెండు గంటలు పడుతుంది. వాన తర్వాత వేళ్ల మీద అడుగు జారుతుంది కాబట్టి పట్టున్న బూట్లు వేసుకోండి.

మంచినీళ్లు తాగవచ్చు, మరేదీ తినకూడదు. ఫొటో తీయకూడదు. నిప్పు వెలిగించకూడదు. ఆకు గానీ రాయి గానీ పట్టుకురాకూడదు. పైన ఏం చూశారో బయట మాట్లాడకపోవడం కూడా మర్యాదే. కొన్ని పండుగ రోజుల్లో, వాతావరణం బాగోలేనప్పుడు ఎక్కనివ్వరు, ముందే కనుక్కుని వెళ్లండి. ఎక్కలేనివాళ్లు నిరుత్సాహపడనక్కర్లేదు. కింద ప్రధాన ఆవరణలోనే ఒక పాత సుగి చెట్టుంది. ఇక్కడి దేవుడు ఓమోనోనుషి పాము రూపంలో వస్తాడని నమ్మకం కాబట్టి దాని ముందు కోడిగుడ్లు, సాకే (బియ్యపు మద్యం) సీసాలు పెడతారు. మద్యం తయారీదారులకు ఈయన ఇష్టదైవం. సాకే దుకాణాల చూరుకు వేలాడే సుగి ఆకుల బంతి ఈ కొండ ఆచారంతో ముడిపడిందే.

ప్రశ్న: జపాన్ పురాణ గ్రంథం కొజికి చదవడం మొదలుపెట్టి పేర్ల జాబితా దగ్గరే ఆగిపోయాను. ఎలా చదవాలి? సూర్యదేవత గుహలో దాక్కున్న కథను గ్రహణం కథ అనుకోవచ్చా?

జవాబు: కొజికి 712లో పూర్తయింది. మూడు సంపుటాల్లో దేవతల కథలు మొదటిదాంట్లోనే ఉన్నాయి, మిగతా రెండూ రాజవంశ వృత్తాంతం. మొదట్లో వరుసగా వచ్చే పేర్లను నిర్మొహమాటంగా దాటేయండి. సృష్టి దంపతులు ఇజనాగి, ఇజనామి రత్నాల ఈటెతో సముద్రాన్ని చిలికే చోటు నుంచి మొదలుపెట్టండి. ఈటె కొననుంచి జారిన ఉప్పు గడ్డకట్టి తొలి దీవి అవుతుంది. అగ్నిని కంటూ ఇజనామి కాలిపోయి చనిపోతుంది. ఆమె కోసం మృతుల లోకమైన యోమికి వెళ్లిన ఇజనాగి కుళ్లిన దేహాన్ని చూసి పారిపోయి వస్తాడు, ఏట్లో మునిగి ఆ మైల కడుక్కుంటాడు. ఎడమ కన్ను కడిగితే సూర్యదేవత అమతెరాసు, కుడి కన్ను కడిగితే చంద్రుడు త్సుకుయోమి, ముక్కు కడిగితే సుసానో పుట్టారు. షింటోలో శుద్ధికి ఇంత విలువ ఎందుకో ఈ ఒక్క స్నానం చెబుతుంది.

ఇక గుహ. గ్రహణం అనే వాదన ఉంది, కొట్టిపారేయనక్కర్లేదు. కానీ గ్రహణం దగ్గరే ఆగితే కథలో సగం పోతుంది. అమతెరాసు ఎందుకు దాక్కుందో చూడండి. తమ్ముడు సుసానో ఆమె వరిమళ్ల గట్లు తెంపాడు, నీటి కాలువలు పూడ్చాడు, కొత్త పంట ఆరగించే మందిరంలో మలవిసర్జన చేశాడు, చివరికి తోలు ఒలిచిన గుర్రాన్ని మగ్గాల ఇంటి కప్పులోంచి లోపలికి విసిరాడు. నేత నేసే స్త్రీ బెదిరిపోయి ప్రాణం పోగొట్టుకుంది. ఇవన్నీ సేద్యానికి, నేతకు చేసిన ద్రోహాలు. 927లో పూర్తయిన ఎంగిషికి అనే రాజశాసన సంకలనంలో మహాశుద్ధి మంత్రం ఉంది. అందులో స్వర్గ పాపాల పట్టిక గట్లు తెంపడం, కాలువలు పూడ్చడంతోనే మొదలవుతుంది. ప్రకృతి ఆరాధన అనగానే కీకారణ్యం ఊహించుకుంటాం గానీ, ఈ పురాణాల గుండె ఉన్నది నీళ్లు పారే వరిమడిలో.

ఆమెను బయటికి రప్పించిన తీరు చూస్తే అది ఏ పూజా విధానానికో రాసిపెట్టిన సూచనల్లా ఉంటుంది. కోళ్లను కూయించారు. వేళ్లతో పెకలించిన సకాకి అనే సతతహరిత చెట్టుకు రత్నాలు, అద్దం, బట్ట కట్టారు. ఉజుమే అనే దేవత బోర్లించిన తొట్టి మీద తాళం వేస్తూ బట్టలు జారేలా ఆడింది, దేవతలంతా పగలబడి నవ్వారు. చీకట్లో నవ్వులేమిటని అమతెరాసు తలుపు ఓరగా తీసింది. అద్దం ముందుకు జరిపారు. తజికరావో అనే దేవుడు చెయ్యి పట్టి లాగాడు, ఇంకొకడు ఆమె వెనక తాడు కట్టి మళ్లీ లోపలికి పోకుండా చేశాడు. ఈనాడు గుళ్లలో కనిపించే సకాకి కొమ్మ, అద్దం, కాగురా అనే గుడి నాట్యం, గడ్డి తాడు అన్నీ ఆ ఒక్క సన్నివేశంలోనే ఉన్నాయి.

గుహ కథ తర్వాత వెంటనే వచ్చే చిన్న ఘట్టాన్ని పిల్లల పుస్తకాలు వదిలేస్తాయి, మీరు వదలకండి. తన ఒంట్లోంచి ఆహారం తీసి వడ్డించిందని సుసానో అన్నదేవతను చంపేస్తాడు. ఆమె తలలోంచి పట్టుపురుగులు, కళ్లలోంచి వరి, చెవుల్లోంచి చిరుధాన్యం, ముక్కులోంచి ఎర్ర చిక్కుళ్లు వస్తాయి. 720 నాటి మరో పురాణ చరిత్ర గ్రంథం నిహోన్ షోకిలో ఇదే హత్య చంద్రుడి ఖాతాలో పడింది. నీ ముఖం చూడనని సూర్యదేవత కోపగించుకోవడంతో పగలూ రాత్రీ విడిపోయాయి. ఏది అసలు కథ అని అడక్కండి. నిహోన్ షోకి తానే ఒక్కో ఘట్టానికి ‘మరో గ్రంథంలో ఇలా ఉంది’ అంటూ నాలుగైదు పాఠాలు పక్కపక్కన పెడుతుంది.

ప్రశ్న: షింటో గుడికి వెళ్లినప్పుడు ఏం చెయ్యాలో వరసగా చెప్పండి. ఎక్కడ తప్పు చేస్తామోనని బెరుకుగా ఉంది.

జవాబు: తోరీ ముందు ఆగి కొద్దిగా తల వంచండి. దారి మధ్యలోంచి కాకుండా ఒక పక్కగా నడవండి, నడిమి దారి కామిది అంటారు. తర్వాత నీళ్ల తొట్టి. ఒక్క గరిటెడు నీళ్లతోనే పని మొత్తం ముగించాలి. కుడి చేత్తో గరిటె పట్టి ఎడమ చెయ్యి కడగండి, చెయ్యి మార్చి కుడిది కడగండి, మళ్లీ కుడి చేతిలోకి తీసుకుని ఎడమ దోసిట్లో నీళ్లు పోసుకుని నోరు పుక్కిలించండి, ఎడమ చెయ్యి మరోసారి కడగండి. చివర గరిటెను నిలువుగా ఎత్తితే మిగిలిన నీళ్లు పిడి మీదుగా జారి దాన్ని కడుగుతాయి. కొత్తవాళ్లు ఎక్కువగా చేసే తప్పులు రెండు. ఒకటి, గరిటెకు నోరు ఆనించడం. రెండోది, మొదటి చేతికే నీళ్లన్నీ పోసేసుకుని మళ్లీ ముంచడం. కోవిడ్ తర్వాత చాలా గుళ్లలో గరిటెలు తీసేశారు, ధారగా పడే నీళ్ల కింద చేతులు పెడితే సరిపోతుంది.

మంటపం ముందు నాణెం నెమ్మదిగా పెట్టెలో వేసి, గంట ఉంటే మోగించండి. నడుము దాకా వంగి రెండు నమస్కారాలు. చేతులు ఛాతీ ఎత్తున కలిపి, కుడి చేతిని వేళ్ల మొదటి కణుపంత కిందికి జరిపి రెండు చప్పట్లు. వేళ్లు సరిచేసి మనసులో చెప్పుకోండి. చివర ఒక నమస్కారం. ఈ లెక్క మెయిజీ కాలంలో (1868-1912) స్థిరపడింది, అంతకుముందు ఊరికో పద్ధతి. ఇజుమో పెద్ద గుడిలో, క్యూషూలోని ఉసా గుడిలో ఇప్పటికీ నాలుగు చప్పట్లే. పక్కవాళ్లు నాలుగు కొడుతుంటే వాళ్లు లెక్క తప్పారనుకోకండి. బౌద్ధాలయంలో మాత్రం చప్పట్లు కొట్టరు. ఇంట్లో దగ్గరి వాళ్లు పోతే సాధారణంగా 50 రోజుల దాకా షింటో గుడికి వెళ్లరు.

జూన్ చివర్లో వెళ్తే గడ్డితో చుట్టిన మనిషెత్తు వలయం కనిపించవచ్చు. అందులోంచి దూరి ఎడమ వైపు ఒకసారి, కుడి వైపు ఒకసారి, మళ్లీ ఎడమ వైపు ఒకసారి తిరిగి వచ్చి, చివరికి నేరుగా గుడి వైపు సాగుతారు. జూన్ 30న జరిగే అర్ధవార్షిక శుద్ధి అది. మనిషి ఆకారంలో కత్తిరించిన కాగితంతో ఒళ్లు తుడుచుకుని, దాని మీద మూడుసార్లు ఊది ఇచ్చేస్తారు. వలయంలోని గడ్డి పీకి ఇంటికి తీసుకుపోయేవాళ్లుంటారు. అది ఇతరుల మైల తుడిచిన గడ్డి అని పూజారులు వద్దంటారు.

ప్రశ్న: చెట్టును పూజించేవాళ్లు ఇసే గుడి కోసం ఇరవై ఏళ్లకోసారి వేల చెట్లు నరకడం ఏమిటి? ఇది కపటం కాదా?

జవాబు: మంచి ప్రశ్న, మర్యాద కోసం దాటేయకూడనిది కూడా. ఇసేలో అమతెరాసు కొలువైన లోపలి గుడిని తొలిసారి 690లో మళ్లీ కట్టారు. యుద్ధాల కాలంలో నూరేళ్లకు పైగా ఆగిపోయినా ఆ పద్ధతి నిలిచింది. 62వ పునర్నిర్మాణం 2013లో జరిగింది, తరువాతిది 2033లో. పదివేలకు పైగా హినోకి (జపాన్ సైప్రస్) దుంగలు కావాలి. ఇరవై ఏళ్లే ఎందుకంటే, కట్టడమే ఆ కారణం చెబుతుంది. పునాది రాళ్లు లేకుండా స్తంభాలను నేరుగా మట్టిలో పాతుతారు, రంగు వెయ్యరు, కప్పు గడ్డిది. జపాన్ వానలకు మట్టిలోని మొదళ్లు, పైనున్న గడ్డీ కుళ్లక మానవు. ఒక వడ్రంగి యువకుడిగా ఒకసారి, పెద్దవాడిగా ఇంకోసారి పనిలో ఉండేందుకు కూడా ఈ గడువు సరిపోతుంది.

మొదటి చెట్లను మధ్య జపాన్‌లోని కిసో కొండల్లో కొట్టే తీరు చూడదగ్గది. రంపం వాడరు. గొడ్డళ్లతో మూడు వైపుల నుంచి తొలుస్తూ పోయి నడుమ బోలు చేస్తారు, చెట్టు సన్నని మూడు కాళ్ల మీద నిలుస్తుంది. పడాల్సిన దిక్కుకు ఎదురుగా ఉన్న కాలిని చివర నరుకుతారు. అలా చేస్తే కాండం నిలువునా చీలదు, అనుకున్న చోటే పడుతుంది. తర్వాత అదే చెట్టు చిగురు కొమ్మ తుంచి మొద్దులో గుచ్చి కామికి మొక్కుతారు. పాత గుడి కలప కూడా పారేయరు. దూలాన్ని మోసిన పెద్ద స్తంభాలు ఇసే గుడికి వెళ్లే ఉజి వంతెన దగ్గర తోరీలవుతాయి. అక్కడ మరో ఇరవై ఏళ్లు నిలిచాక కువానా, సెకి ఊళ్లలో తోరీలుగా నిలబడతాయి.

అయినా మీ అనుమానంలో పస ఉంది. ఇసే గుడి సొంత అడవిలో పెద్ద చెట్లు ఎన్నో శతాబ్దాల కిందటే అయిపోయాయి, అందుకే కిసోకు పోవాల్సివచ్చింది. పూజించినంత మాత్రాన అడవి మిగల్లేదన్నమాట. దిద్దుబాటు 1923లో మొదలైంది. ఇసే కొండల్లోనే హినోకి పెంచి తమ కలప తామే తీసుకోవాలని రెండు వందల ఏళ్ల ప్రణాళిక వేశారు. ఉంచి పెంచాల్సిన చెట్లకు తెల్ల రంగు వలయాలు వేసి, చుట్టూ ఉన్నవి పలచన చేస్తారు. 2013 పనికి కొంత కలప అక్కడిదే.

ఇంతకంటే చేదు సంగతి ఇంకొకటుంది. 1906లో ప్రభుత్వం చిన్న గుళ్లను పెద్దవాటిలో కలిపేయమని ఉత్తర్వు ఇచ్చింది. దాదాపు 1.9 లక్షల గుళ్లు కొన్నేళ్లలోనే 1.2 లక్షలకు తగ్గాయి. గుడి పోతే దాని తోపు వేలానికి పోయేది. ఇసే గుడి ఉన్న మియే జిల్లాలోనే నష్టం అందరికంటే ఎక్కువ. మినకాతా కుమాగుసు అనే వృక్షశాస్త్రవేత్త దీన్ని గట్టిగా ఎదిరించి, 1910లో జైలుకు కూడా వెళ్లాడు. తోపు నరికితే పక్షులు పోతాయి, పురుగులు పెరిగి పంట పోతుంది, ఊరి కట్టు సడలుతుంది అని లెక్కలు చెప్పి వాదించాడు. ఆయన కాపాడిన తనాబే అఖాతంలోని కాషిమా దీవికి 1929లో చక్రవర్తే వచ్చాడు.

నరికింది మాత్రమే కాదు, నాటింది కూడా చెప్పాలి. టోక్యోలోని మెయిజీ గుడి చుట్టూ ఉన్న 70 హెక్టార్ల అడవి మనుషులు పెట్టిందే. 1920 నాటికి దేశం నలుమూలల నుంచి వచ్చిన దాదాపు లక్ష మొక్కలు నాటారు. నిక్కో గుళ్ల దగ్గర ఉన్నట్టు నిటారు సుగి చెట్లే కావాలని ప్రధాని ఓకుమా పట్టుబట్టాడు. టోక్యో నేలలో సుగి ఎదగదని అటవీశాస్త్రజ్ఞులు రెండు చోట్ల చెట్ల వలయాలు పోల్చి చూపి, ఓక్, కర్పూరం లాంటి వెడల్పాకు చెట్లు పెట్టారు. ఎత్తు, మధ్యరకం, పొట్టి మొక్కలను అంతస్తులుగా నాటి, నూరు నూటయాభై ఏళ్లలో అడవి తనంతట తానే విత్తుకుని నిలబడాలని లెక్కగట్టారు. ఒకటే నియమం: ఆకు బయటికి పోకూడదు. దారి మీద రాలినదాన్ని పెద్ద చీపురుతో ఊడ్చి తిరిగి చెట్ల కిందే పోస్తారు. షింటోలో నాకు అన్నిటికన్నా నచ్చిన పూజ ఆ ఊడ్పే.

ప్రశ్న: ఇనారి గుళ్లలో నక్క దేవుడా?

జవాబు: కాదు, దూత. ఇనారి వరిపంటల కామి. నక్క నోట్లో తాళంచెవి గానీ వరికంకి గానీ ఉంటుంది చూడండి. నక్కకని వేయించిన టోఫు పెడతారు. పెట్టి వదిలేసి వెళ్తే కాకులు, పందులు చిందరవందర చేస్తాయి, మొక్కాక తిరిగి తీసుకెళ్లండి.

ప్రశ్న: జపాన్ నుంచి మిత్రులు గుడి పేరు రాసిన కాగితం (ఒఫుదా) తెచ్చిచ్చారు. షింటో మతస్థులం కాదు. ఇంట్లో పెట్టుకోవచ్చా?

జవాబు: పెట్టుకోవచ్చు, దీక్ష లాంటిదేమీ అక్కర్లేదు. కంటి ఎత్తుకు పైన, శుభ్రంగా, వెలుతురుండే చోట, దక్షిణానికో తూర్పుకో ముఖం పెట్టి ఉంచండి. జనం కింది నుంచి దూరే గుమ్మం పైన వద్దు. పైన ఇంకో అంతస్తుంటే, ఒఫుదాకు పైనున్న కప్పుకు ‘మేఘం’ అని రాసిన కాగితం అంటిస్తారు. దానికి పైన ఆకాశమే తప్ప అడుగుల చప్పుడు లేదని లెక్క. ఒకటికంటే ఎక్కువ ఉండి మూడు తలుపుల అరలో పెడితే నడుమ ఇసే గుడిది, మనకు కుడివైపు ఊరి గుడిది, ఎడమవైపు ఇతరాలు. ఒకే తలుపైతే ఇదే వరుసలో ముందు నుంచి వెనక్కి. పైన చుట్టిన పల్చటి కాగితం తీసెయ్యవచ్చు, లోపలి మడత విప్పకండి.

పొద్దున్నే ఎదురుగా నడుమ బియ్యం, కుడివైపు ఉప్పు, ఎడమవైపు నీళ్లు పెట్టి, రెండు నమస్కారాలు, రెండు చప్పట్లు, ఒక నమస్కారం. తర్వాత దించి వంటలో వాడుకోండి, పారేయడమే తప్పు. ఉప్పు చెమ్మగిల్లి గిన్నెకు అంటుకుంటుంది కాబట్టి చిటికెడే పెట్టండి. సకాకి కొమ్మలు నెలలో 1న, 15న మారుస్తారు, నీళ్లు మాత్రం రోజూ మార్చాలి, లేకపోతే కాడ జిగురు పట్టి వాసనొస్తుంది. ఏడాది దాటాక ఒఫుదాను చెత్తలో వెయ్యకుండా ఇచ్చిన గుడికే తిప్పి పంపండి. వాళ్లు మిగతావాటితో కలిపి మంట పెడతారు. పోస్టులో తీసుకుంటారో లేదో ముందు అడగండి.

ప్రశ్న: జపాన్‌లో మన సరస్వతి ఉందంటారు. షింటోలోనా, బౌద్ధంలోనా?

జవాబు: బౌద్ధంతో వెళ్లి బెంజాయ్‌తెన్ అయింది, తర్వాత షింటోలోని ఇచికిషిమాహిమే అనే నీటి దేవతతో కలిసిపోయింది. శతాబ్దాలుగా ఆ రెండు మతాలూ ఒకే ఆవరణలో ఉండేవి. 1868లో ప్రభుత్వం వాటిని విడదీసింది. అందుకే ఎనోషిమా, ఇత్సుకుషిమా లాంటి చోట్ల ఏది ఎవరిదో ఈనాటికీ గజిబిజిగా ఉంటుంది.

ప్రశ్న: ఒకినోషిమా దీవికి వెళ్లడం ఎలా?

జవాబు: వెళ్లలేరు. మునకాతా గుడి ముగ్గురు అక్కచెల్లెళ్ల దేవతల్లో ఒకరి చోటది. ఆడవాళ్లకు మొదటి నుంచీ ప్రవేశం లేదు. ఏడాదికోసారి మే 27న దాదాపు రెండు వందల మంది మగవాళ్లను సముద్రంలో మునిగాక అనుమతించేవారు. 2017లో యునెస్కో జాబితాలో చేరాక అదీ ఆపేశారు. దీవి నుంచి గడ్డిపరకైనా తీసుకురాకూడదన్న పాత నిబంధనే అక్కడి పూజా వస్తువులను వెయ్యేళ్లకు పైగా దొంగల చేతుల్లో పడకుండా కాపాడింది. స్త్రీలపై నిషేధాన్ని సమర్థించాలని నాకు లేదు, కానీ ఈ రెండు నియమాలనూ వేర్వేరుగా చూడటం మంచిది. దగ్గరి ఓషిమా దీవి ఉత్తరపు ఒడ్డున దూరం నుంచి మొక్కే గుడి ఉంది. క్యూషూలోని కోనొమినాతో రేవు నుంచి ఓషిమాకు పడవలో అరగంట లోపే. మబ్బు, తేమ ఉన్న రోజున దాదాపు 50 కిలోమీటర్ల అవతలి దీవి కనిపించదు, కాబట్టి వాతావరణం చూసుకుని టికెట్ తీసుకోండి. తిరుగు పడవ వేళ కూడా ముందే రాసుకోండి.